శ్రుతి ఎక్కడ తప్పింది?

ఆషాఢమాసంలో కొత్త అల్లుళ్ళకు అత్తవారి గడప నిషిద్ధం గాని, మేనమామలకు అక్కగారి గడప నిషిద్ధమని ఏ శాస్త్రమూ చెప్పలేదు. అందుచేత మొన్న ఆషాఢంలో ఒక శనివారం రాత్రి మా మేనల్లుడు ఫోనుచేసి, "మావయ్యా! తాతగారి పద్యాలు పోయాయి. తెల్లారేసరికి నువ్వు రావాలి" అన్నప్పుడు తప్పించుకోవడానికి నాకు సాకు దొరకలేదు.

"పద్యాలు పోవడమేమిట్రా? నోటికి వచ్చినవి ఎక్కడికి పోతాయి?" అన్నాను.

"నోటివి కావు, కంప్యూటరులోవి" అన్నాడు వాడు ఏడుపు గొంతుతో.

పాఠకులకు ఇక్కడ కొంచెం పూర్వకథ చెప్పాలి. మా అక్కయ్య మామగారికి ఒక తమ్ముడున్నాడు. ఊరు కోనసీమ. అయిదెకరాల మాగాణి చేసుకుంటూ నలభై ఏళ్ళపాటు నాటకాల్లో కృష్ణవేషం కట్టిన మనిషి. తిరుపతి వేంకటకవుల పాండవోద్యోగ విజయాలూ, చిలకమర్తివారి గయోపాఖ్యానమూ ఆయనకు కొట్టినపిండి. అమలాపురం, రావులపాలెం, మండపేట, ద్రాక్షారామం - ఆ చుట్టుపక్కల ఆయన గొంతు వినని తిరునాళ్ళు లేవు. ఒక్కొక్క పద్యం చివర రాగం తీస్తే జనం "వన్స్‌మోర్" అని అరిచేవారట. ఆయన మళ్ళీ తీసేవాడట. తెల్లారిపోయేదట గాని, రాయబారం మాత్రం ముగిసేది కాదట.

మొన్న సంక్రాంతికి మా మేనల్లుడు ఆయనను ఇంటి వెనకగదిలో కూర్చోబెట్టి, కిటికీలకు పరుపులు అడ్డంపెట్టి, ఫాను ఆపించి, 18 పద్యాలు పాడించి రికార్డు చేశాడు. ఉగాది వెళ్ళాక పెద్దాయనకు గుండెలో నొప్పి వచ్చింది. ప్రాణగండం తప్పింది గాని, ఇక గట్టిగా పాడటానికి వీల్లేదని డాక్టర్లు కట్టడిచేశారు. శ్రావణంలో ఆయనకు సహస్ర చంద్రదర్శనం. పద్యాలు పాడిన మనిషి పద్యాలు లేకుండా ఆ పీటలమీద కూర్చోకూడదని, ఆ రోజున పందిట్లో ఈ రికార్డు వినిపించాలని ఇంటిల్లిపాదీ అనుకున్నారు. అవీ పోయిన పద్యాలు. మళ్ళీ పాడించే వీలు లేనివి.

నేను రాజమండ్రిలో ఒక కాలేజీలో తెలుగు చెప్పుకొని బతికేవాణ్ణి. కంప్యూటరు ఎదుట నా పాండిత్యం మార్కులు ఎక్కించడంతో సరి. అయినా నన్ను ఎందుకు పిలిచాడంటే, పద్యాల పాఠం సరిచూసి పెడతానని సంక్రాంతినాడు నేనే మాట ఇచ్చాను. నోరు జారినవాడికి ప్రయాణం తప్పదు. ఆదివారం ఉదయం మొదటి బస్సెక్కాను.

వెళ్ళేసరికి మేనల్లుడు కళ్ళు ఎర్రగా ఉన్నాయి. రాత్రంతా నిద్రలేదని చూస్తేనే తెలుస్తోంది. బల్లమీద కొత్త ల్యాప్‌టాపు. పాతది నెమ్మదించిందని ఈమధ్యనే కొన్నాడు. పద్యాల ఫైలు దాన్లోకి మార్చి తెరిస్తే, "అయిదు ప్లగిన్లు కనిపించడం లేదు" అని ఒక తాఖీదు వచ్చిందట. మీట నొక్కితే నిశ్శబ్దం. వీడు కంగారుపడి, ఇంటర్నెట్టులో వెతికి, ఒకదానికి బదులు మూడు ప్లగిన్లు తెచ్చి దింపాడు. ఇప్పుడు గొంతు వినిపిస్తోంది. కాని మధ్యమధ్య పెనంమీద ఆవాలు చిటపటలాడినట్టు శబ్దం. పైగా అది తాతగారి గొంతులా లేదు. ఎవరో కుర్రవాడు తొందరపడి పాడుతున్నట్టుంది.

అసలీ ప్లగిన్ అనే పదార్థమేమిటని నేను అడిగాను. మీలోనూ నాబోటివాళ్ళు ఉంటారు కనుక వాడు చెప్పింది నా మాటల్లో చెబుతాను. పాటలు రికార్డుచేసే సాఫ్టువేరు ఒక వంటిల్లు అనుకోండి. పొయ్యి, గిన్నెలు, గరిటెలు దానితో వస్తాయి. పోపు సామాను మాత్రం ఎవరి రుచిని బట్టి వారు బయటనుంచి తెచ్చుకుంటారు. ఆ పోపు సామానే ప్లగిన్లు. ఒకటి గొంతు వెనక గుంయిమనే రొద తీసేస్తుంది. ఒకటి హెచ్చుతగ్గులు సర్ది, కేకనూ గుసగుసనూ ఒక దారికి తెస్తుంది. ఒకటి ఇరుకుగదిలో పాడినదానికి పెద్ద మంటపంలో పాడిన మోత అబ్బిస్తుంది. 1996లో జర్మనీలో స్టైన్‌బర్గ్ అనే కంపెనీవారు వీఎస్‌టీ అని ఒక పద్ధతి పెట్టారు. ఒకరు చేసిన వంటింట్లో మరొకరు నూరిన మసాలా ఇమిడే ఏర్పాటన్నమాట. అప్పటినుంచి ప్రపంచంలో ఎవరు పడితే వారు ప్లగిన్లు తయారుచేస్తున్నారు. లోకానికి మేలే జరిగింది. కాని కంప్యూటరును నడిపే వ్యవస్థ ఒకరిది, రికార్డింగు సాఫ్టువేరు ఒకరిది, ప్లగిన్ మరొకరిది. ముగ్గురు తోడికోడళ్ళు ఒక వంటింట్లో ఉన్నట్టు. ఒకరు కొత్తచీర కట్టుకుంటే మిగతా ఇద్దరికీ తలనొప్పి.

మేము ఇలా మాట్లాడుకుంటుండగా పెద్దాయన చేతికర్ర ఆనించుకుంటూ వచ్చి అరుగుమీద కూర్చున్నాడు. సంగతి విన్నాడు. ఆయన కంప్యూటరు ముట్టుకుని ఎరగడు. అయినా అడిగిన ప్రశ్న చూడండి:

"ఏమయ్యా మేష్టారూ! చేలోకి నీళ్ళు రాలేదంటే చేలో కూర్చుని ఏడిస్తే వస్తాయా? కాలవ గట్టెక్కి నడవాలి గాని. లాకుల దగ్గర ఉన్నాయా, తూము దగ్గర ఉన్నాయా, బోదెలో ఎవడైనా గండికొట్టాడా? పైనుంచి చూసుకుంటూ వస్తే ఎక్కడో ఒకచోట ఆగినట్టు కనపడుతుంది. వీడు రాత్రినుంచీ శివారు చేలో నిలబడి గునపం వేస్తున్నాడు."

నేను మేనల్లుడి మొహం చూశాను. వాడు నా మొహం చూశాడు. 1852లో కాటన్ దొర ధవళేశ్వరం ఆనకట్ట పూర్తిచేసినప్పటినుంచీ ఈ డెల్టాలో రైతులు చేస్తున్న పని అదే. శబ్దం కూడా అంతే. మైకులో పుట్టి, ఫైలులో నిలిచి, ఒక్కొక్క ప్లగిన్ తూములోంచీ దిగి, చివరికి స్పీకరులోకి వస్తుంది. ఎక్కడ ఆగిందో కనుక్కోవాలంటే తలకాలవనుంచి మొదలుపెట్టాలి.

తలకాలవ అంటే ఇక్కడ అసలు రికార్డింగు. మేనల్లుడు ఫోల్డరు తెరిచి వెతికితే, సంక్రాంతినాడు మైకు పట్టిన 18 ఫైళ్ళూ నిక్షేపంలా ఉన్నాయి! ప్లగిన్లు అసలు ఫైలును ముట్టుకోవు. అద్దానికి రంగు పూస్తే మొహానికి అంటనట్టు, వినిపించేటప్పుడు మాత్రమే మార్చి వినిపిస్తాయి. ఈ ఒక్క సంగతి తెలియక వాడు రాత్రంతా ఏడ్చాడు. ముందు ఆ ఫైళ్ళను మరో రెండుచోట్ల నకలు తీయించాను. మీలో ఎవరికైనా ఇలాంటి ఆపద వస్తే, మరమ్మతు మొదలుపెట్టకముందు చేయవలసిన మొదటి పని ఇది. తాళపత్రం పురుగు తినేస్తుందని తెలిసిన తెలుగు మేష్టారు ఇంతకంటె గొప్ప సలహా ఇవ్వలేడు.

తరవాత ప్లగిన్లన్నీ తీయించేశాను. వట్టి గొంతు వినిపించమన్నాను. చిటపటలు మాయమయ్యాయి. కాని పద్యం ఇంకా కుర్రవాడు పాడినట్టే ఉంది.

"ఆపరా" అన్నాడు పెద్దాయన. "నేను పాడింది రెండు శ్రుతిలో. వయసులో అయిదులో పాడేవాణ్ణి, ఇప్పుడు రెండు దాటితే ఊపిరి చాలదు. ఇది రెండున్నర దాటి, మూడుకు చేరకుండా మధ్యలో వేలాడుతోంది. ఏ మెట్టూ కాదు."

ఏ మెట్టూ కాదన్నమాట దగ్గర మేనల్లుడు లేచి నిలబడ్డాడు. హార్మోనియం మెట్టుకు మెట్టుకు మధ్య వేలాడే శ్రుతి మనిషి పొరపాటు వల్ల రాదు, అంకెల పొరపాటు వల్ల వస్తుందట. కంప్యూటరు శబ్దాన్ని సెకనుకు ఇన్నిసార్లని కొలిచి రాసుకుంటుంది. వీడు సంక్రాంతినాడు సెకనుకు 44,100 సార్లు కొలిచే లెక్కన రికార్డు చేశాడు. కొత్త యంత్రం 48,000 లెక్కన చదువుతోంది. నాలుగు నిమిషాల పద్యాన్ని 3 నిమిషాల 40 సెకన్లలో చదివేస్తే గొంతు పైకి పోక ఏమవుతుంది? లెక్కవేస్తే దాదాపు ఒకటిన్నర మెట్టు పెరగాలి. రెండు శ్రుతికి పైన సరిగ్గా పెద్దాయన చెప్పినచోటే! రెండు అంకెలూ ఒకటి చేసేసరికి గొంతు దిగి, ముసలితనం తిరిగి వచ్చింది. ముసలితనం తిరిగి వస్తే ఇంటిల్లిపాదీ సంతోషించడం నేను మొదటిసారి చూశాను.

ఇక కనిపించకుండాపోయిన అయిదు ప్లగిన్ల సంగతి. వాటి కథ ఒక్కొక్కదానిది ఒక్కొక్కటి. రెండు ప్లగిన్లు అసలు ఎక్కడికీ పోలేదు. పాత పద్ధతివి కావడంచేత వాటికి స్థిరమైన ఇల్లు లేదు. ఎవరికి తోచిన ఫోల్డరులో వారు పెట్టుకోవచ్చు. మేనల్లుడు పాత యంత్రంలో పెట్టిన చోటు వేరు, కొత్త సాఫ్టువేరు వెతికే చోటు వేరు. 2008లో వచ్చిన వీఎస్‌టీ 3 పద్ధతిలో ఈ చిక్కు చాలావరకు తీరింది. దానికి కట్టుదిట్టమైన చిరునామా ఉంది. ఆ రెండింటినీ సాఫ్టువేరుకు చూపించి, మళ్ళీ వెతకమనగానే పలికాయి.

మరి రెండు 32 బిట్ల కాలంనాటివి. కొత్త సాఫ్టువేరు 64 బిట్లది. మీటరుగేజి పెట్టె బ్రాడుగేజి పట్టాలమీద నడవనట్టు అవి దీన్లో నడవవు. ఆపిల్ కంపెనీవారైతే 2019లో కాటలీనా అనే వ్యవస్థతో 32 బిట్ల సరుకుకు పూర్తిగా తలుపు మూసేశారు. వీటికి ఒకటే మందు: అదే ప్లగిన్‌కు కొత్త కూర్పు ఉంటే తెచ్చుకోవడం, లేకపోతే ఆశ వదులుకోవడం. ఒకదానికి కొత్తది దొరికింది. రెండోదానికి నీళ్ళు వదిలాం.

అయిదోది విచిత్రమైనది. పిలిస్తే పలుకుతుంది గాని, ముప్పావు నిమిషానికి ఒకసారి గొంతు హఠాత్తుగా మాయమై మళ్ళీ వస్తుంది. కృష్ణుడు సభలో మాట్లాడుతూ మాట్లాడుతూ నోరు మూసుకుంటాడు. అది యంత్రదోషం కాదు, వ్యాపారనీతి. కొనకుండా వాడుకునే నమూనా సరుకు అలా నడుమనడుమ మౌనం పాటించేలా చేస్తారట. మేనల్లుడు దాన్ని డబ్బిచ్చే కొన్నాడు. కాని కొన్న దాఖలా పాత యంత్రానికి ముడిపడి ఉంది. అక్కడ విడిపించి ఇక్కడ కట్టుకోవాలి. ఆస్తి బదిలీకి రిజిస్ట్రారాఫీసు ఉన్నట్టే దీనికీ ఉంది. కాకపోతే ఇక్కడ మధ్యాహ్నభోజనం తరవాత రమ్మనరు. పావుగంటలో పని అయింది.

ఇప్పుడు మిగిలింది చిటపట. పాతవీ కొత్తవీ కలిపి మొత్తం 16 ప్లగిన్లు తేలాయి. ఎవరు నేరస్థుడు? మేనల్లుడు ఒక్కొక్కదాన్నీ తీసి వింటానన్నాడు. ఇక్కడ, ఎట్టకేలకు, నా ఛందస్సు పనికి వచ్చింది.

క్లాసులో పిల్లలు ఉత్పలమాల రాసి తెస్తారు. ఎక్కడో గణం తప్పుతుంది. 20 అక్షరాలూ వేలుపెట్టి లెక్కించడం ఒక పద్ధతి. నేను చేసేది వేరు. పాదాన్ని పదో అక్షరం దగ్గర, అంటే యతిస్థానంలో విరిచి, ముందు సగం చదువుతాను. అది నడిస్తే తప్పు రెండో సగంలో ఉన్నట్టే. ఆ సగాన్ని మళ్ళీ విరుస్తాను. ఇదే పద్ధతిని ప్లగిన్లమీద పెట్టమన్నాను. 16లో 8 ఆపి విన్నాం. చిటపట పోయింది. కనుక దొంగ ఆ ఎనిమిదిలో ఉన్నాడు. వాటిలో నాలుగు, తరవాత రెండు, తరవాత ఒకటి. 16 ఇళ్ళు సోదా చేయనక్కరలేకుండా నాలుగు మాటల్లో దొంగ దొరికాడు. రాత్రి కంగారులో దింపిన మూడింట్లో ఒకడే.

ఈ పద్ధతికి ఒక మినహాయింపుంది. పాదంలో రెండుచోట్ల గణం తప్పితే సగానికి విరిచినా రెండు సగాలూ కుంటుతాయి. ప్లగిన్లలో కూడా అంతే. దొంగలిద్దరైతే లెక్క తారుమారవుతుంది. అప్పుడు అన్నీ ఆపేసి, ఒక్కొక్కటే తెరుచుకుంటూ రావాలి. ఏ పద్ధతిలోనైనా ఒకసారికి ఒక్కటే మార్చాలి, మార్చింది కాగితంమీద రాసుకోవాలి. మేనల్లుడు రాత్రంతా చేసిన తప్పు అదే. పది మార్పులు ఒకేసారి చేశాడు. ఏ మందువల్ల రోగం తగ్గిందో, ఏ మందువల్ల ముదిరిందో ధన్వంతరి కూడా చెప్పలేడు.

దొంగను వెళ్ళగొట్టినా, బరువైన మోత ప్లగిన్ పెట్టినప్పుడల్లా సన్నగా చిటపట వస్తూనే ఉంది. దీనికి కారణం ప్లగిన్ కాదు, వడ్డన. పంక్తి భోజనంలో సాంబారు వడ్డించేవాడి చేతిలో చిన్నగిన్నె ఉందనుకోండి, మాటిమాటికీ వంటపందిరికి పరుగెత్తాలి. కాస్త ఆలస్యమైతే విస్తట్లో అన్నం వట్టిగా ఉంటుంది. ఆ వట్టి విస్తరే చెవికి 'చిట్' మని వినిపిస్తుంది. కంప్యూటరు శబ్దాన్ని వడ్డించే గిన్నెకు బఫర్ అని పేరు. మనవాడి గిన్నెలో 64 కొలతలు పడతాయి, అంటే సెకనులో వెయ్యోవంతు ఒకటిన్నర పాళ్ళు. దాన్ని 1024 చేస్తే 23 పాళ్ళు. గిన్నె పెద్దదైతే పరుగు తగ్గి, వడ్డన సాఫీగా సాగుతుంది. మరి మొదటినుంచీ పెద్దగిన్నే ఎందుకు పెట్టరూ అంటే, పాడేవాడు చెవులకు తగిలించుకున్న హెడ్‌ఫోనులో తన గొంతు తనకే ఆలస్యంగా వినిపించి తాళం తప్పిపోతాడు. పాడేటప్పుడు చిన్నగిన్నె, పాడినదాన్ని దిద్దేటప్పుడు పెద్దగిన్నె. ఇది గుర్తుంటే సగం జబ్బులు రావు.

సాయంత్రం నాలుగయింది. మా అక్కయ్య అందరికీ పెసరట్లు పెట్టింది. యంత్రంలో ఏ తప్పూ లేదు. తాఖీదు లేదు, చిటపట లేదు, మౌనవ్రతం లేదు, శ్రుతి సరిగ్గా రెండు. మేనల్లుడు విజయగర్వంతో మీట నొక్కాడు. గది మారుమోగింది. నాకైతే ఒళ్ళు పులకరించింది. పెద్దాయన కళ్ళు మూసుకుని విన్నాడు. పద్యం అయింది. రాగం అయింది. కళ్ళు తెరిచి మెల్లిగా అన్నాడు:

"గొంతు నాదేరా అబ్బాయ్. పాడింది మాత్రం నేను కాదు."

మేమిద్దరం తెల్లబోయాం. ఇంకా ఏ తప్పు మిగిలింది? పొద్దుటినుంచీ వెతికినట్టే మళ్ళీ సగానికి విరిచాం, మళ్ళీ విరిచాం. దొరికింది. కాని ఈసారి దొరికినది దొంగ కాదు, మహా పెద్దమనిషి. ఒక్క పిసరు లోపం లేకుండా తన ధర్మం తాను నెరవేరుస్తున్న ప్లగిన్. శ్రుతి దిద్దే ప్లగిన్! ముసలాయన గొంతు కదా, అక్కడక్కడ వణుకుతోంది కదా అని మేనల్లుడు ప్రేమతో పెట్టాడు. మొదటి రోజునుంచీ అది ఉంది. రోజూ వింటున్నవాడు కనుక వాడి చెవికి ఆనలేదు.

ఈ జాతి ప్లగిన్లకు మూలపురుషుడు ఆటోట్యూన్. 1997లో వచ్చింది. మరుసటి సంవత్సరం షేర్ అనే అమెరికన్ గాయని 'బిలీవ్' అనే పాటలో దాన్ని దాచకుండా బాహాటంగా వాడేసరికి లోకానికంతటికీ తెలిసింది. దాన్ని కనిపెట్టిన ఆండీ హిల్డెబ్రాండ్ చమురు కంపెనీల పనిలో ఆరితేరినవాడు. భూమిమీద శబ్దం పుట్టించి, లోపలి పొరలనుంచి తిరిగివచ్చే ప్రతిధ్వనులను గణితంతో విడదీసి, చమురు ఎక్కడుందో చెప్పే విద్య అది. ఆ విద్యలోని గణితమే గొంతు ఏ స్వరంమీద ఉందో పట్టడానికి పనికి వచ్చింది. రాజమండ్రిలో ఓఎన్‌జీసీ ఆఫీసు ఎదుటినుంచి నడిచే నాకు ఇది విని నవ్వు వచ్చింది. 1995లో పాశర్లపూడి బావి అంటుకుని 65 రోజులు మండినప్పుడు ఈ పెద్దాయన రాత్రిళ్ళు అరుగుమీద కూర్చుని ఆకాశంలో ఎర్రటి వెలుగు చూశాడట. ఆ చమురు వెతికే విద్యే చుట్టుతిరిగి వచ్చి ఆయన గొంతులో దూరింది!

అది చేసేదేమిటంటే, గొంతు ఏ స్వరానికి దగ్గరగా ఉందో చూసి, ఆ స్వరం మెట్టుమీద నిలబెడుతుంది. దాని లెక్కలో స్థాయికి 12 మెట్లు, ఒక్కొక్క మెట్టుకూ సమానమైన ఎత్తు. పియానోకూ హార్మోనియానికీ సరిపోతుంది. మన అంతరగాంధారం సహజంగా నిలిచే చోటు ఆ సమానమెట్టుకంటె కొంచెం కిందుగా ఉంటుంది, మెట్టులో సుమారు ఏడోవంతు. అది చాలదన్నట్టు మన స్వరం నిలబడదు, ఊగుతుంది. తోడిలో గాంధారం ఊగకపోతే అది తోడే కాదు. పెద్దాయన గొంతులో వణుకు కొంత వయసుది, కొంత గమకానిది. రెండింటికీ తేడా ఆ యంత్రానికి తెలియదు. రెండింటినీ ఇస్త్రీ చేసి వదిలిపెట్టింది.

"హార్మోనియం ఊగదయ్యా" అన్నాడు ఆయన. "అది గుంజలా నిలబడుతుంది. గొంతు లేగదూడలా దాని చుట్టూ తిరుగుతుంది. గుంజ కదలకూడదు, దూడ నిలవకూడదు. మీరు దూడను కూడా గుంజను చేసేశారు."

ఆలిండియా రేడియోవారు 1940నుంచి మూడు దశాబ్దాలపాటు హార్మోనియాన్ని గడప తొక్కనివ్వలేదంటే కారణం ఇదే. దానికి గమకం పలకదని. ఆ నిషేధం సబబా కాదా అన్నది వేరే మాట. హార్మోనియం లేనిదే మన పద్యనాటకం లేదు. కాని హార్మోనియం పక్కన ఉండటం వేరు, గొంతులో ఉండటం వేరు.

మేనల్లుడు ఆ ప్లగిన్ తీసేశాడు. వణుకు తిరిగి వచ్చింది. రొద తీసే ప్లగిన్‌ను కూడా సగానికి తగ్గించాడు. దానివల్ల ఇన్నాళ్ళూ వినిపించని ఊపిరి వినిపించింది. పద్యం నాలుగో పాదానికి ముందు ఆయన ఛాతీనిండా గాలి పీల్చుకుంటాడు. అది విన్నాక మా అక్కయ్య పైటచెంగు కళ్ళకద్దుకుని లోపలికి వెళ్ళిపోయింది. పెద్దాయన మాత్రం, "ఆఁ, వీడు నేనే" అన్నాడు తృప్తిగా.

ఆ రాత్రి బస్సులో నాకు నిద్ర పట్టలేదు. పొద్దుటినుంచీ యంత్రంలో తప్పులు వెతికాం. శ్రుతి పెరగడం తప్పు, చిటపట తప్పు, మౌనం తప్పు. అవన్నీ తప్పులని చెవి ఉన్న ఎవరికైనా తెలుస్తుంది. అవి గోలచేసి మరీ చెబుతాయి, మేం తప్పులమని. అసలు భయపడవలసింది గోలచేయని తప్పుకు. తాను ఒప్పు చేస్తున్నాననుకుని చక్కనిదాన్ని దిద్దే తప్పుకు.

నేనూ దిద్దేవాణ్ణే గదా! ఇరవై ఏళ్ళనుంచీ ఎర్రసిరా కలం నా ప్లగిన్. ఒకసారి ఒక లంకగ్రామం అమ్మాయి తన ఊరినిగురించి వ్యాసం రాస్తూ, చేలమధ్యనుంచి ఇంటికి వెళ్ళే బండిబాటను 'పుంత' అని రాసింది. నేను కొట్టేసి 'దారి' అని దిద్దాను. మా డెల్టాలో పుంత అంటే ఏమిటో తెలియనివాణ్ణా? తెలుసు. నేనూ ఆ పుంతలోనే బడికి నడిచినవాణ్ణి. అయినా దగ్గరలో ఉన్న మెట్టుమీదకు లాగి నిలబెట్టాను. ఆ అమ్మాయి తరవాత రాసిన వ్యాసాలన్నీ శ్రుతిశుద్ధంగా ఉన్నాయి. ఒక్కదాంట్లోనూ ఆమె ఊరు లేదు.

శ్రావణంలో సహస్ర చంద్రదర్శనం జరిగింది. తాటాకు పందిరి, మామిడి తోరణాలు, పీటలమీద కొత్తబట్టలతో దంపతులు. మేనల్లుడు స్పీకర్లు పెట్టి మొదటి పద్యం వినిపించాడు. పిల్లలు కూడా గోలమాని విన్నారు. చివర రాగం కొంచెం వణికి, మెలితిరిగి, నెమ్మదిగా షడ్జమంమీద వాలింది. ఒక్క క్షణం పందిరంతా నిశ్శబ్దం. అప్పుడు వెనక బల్లమీదనుంచి, ఆయన ఈడువాడే ఎవరో పెద్దమనిషి, బోసినోటితో "వన్స్‌మోర్!" అని అరిచాడు.

పందిరంతా గొల్లుమంది. మేనల్లుడు మళ్ళీ మీట నొక్కాడు. పెద్దాయన నావైపు వంగి, "ఆ రోజుల్లో వన్స్‌మోర్ అంటే గుండె గుభేలుమనేదయ్యా, ఊపిరి మిగిలిందో లేదో అని. ఇప్పుడు హాయి. పాడేవాడు వేరే ఉన్నాడు, నేను కూర్చుని వినొచ్చు" అన్నాడు.

ఏ ప్లగిన్ లేని ఆ 18 అసలు ఫైళ్ళ నకలు ఒకటి నా బీరువాలో ఉంది. ఇంకొకటి ఆయన మనవరాలి దగ్గర ఉంది. పైన ఒక కాగితం అంటించి, నా ఎర్రసిరా కలంతోనే రాశాను: "ఇది దిద్దవద్దు."